తలపులు దాచే రాయి ఉంటే, దాన్ని చదవగలిగేది ఎవరు?

కాల్పనిక ప్రపంచాల కథల్లో ఆలోచనను దాచుకునే పదార్థం ఒకటి తరచుగా ఎదురవుతుంది. ఒక కథలో అది స్ఫటికం, ఇంకోదాంట్లో సీసాలో పట్టి ఉంచిన వెండి పొగ, మరోచోట చెరువు నీళ్ళు, ఎముక, చెట్టు జిగురు. చనిపోయిన రాజు ఆఖరి తలపు ఒక రాయిలో ఉండిపోతుంది. వందేళ్ళ తర్వాత మనవడి మనవడు దాన్ని చేతిలోకి తీసుకోగానే జరిగిందంతా కళ్ళకు కట్టినట్టు కనిపిస్తుంది. కథ ముందుకు సాగిపోతుంది. ఆ రాయి ఏ కొండలో దొరుకుతుంది, దాని కోసం ఎన్ని యుద్ధాలు జరిగాయి, ఇప్పుడు ఎవరి దగ్గర ఉంది అన్న సంగతులకు రచయితలు పేజీలకు పేజీలు ఇస్తారు. చేతిలోకి తీసుకోగానే ఎలా తెలిసిందన్నదానికి మాత్రం ఒక్క వాక్యం కూడా ఉండదు.

అసలు చిక్కు అక్కడే ఉంది. తలపు ఒక వస్తువులోకి ఎక్కిందని ఊహించుకోవడం పెద్ద కష్టం కాదు. ఒకరి తలలో పుట్టినదాన్ని ఇంకొకరు ఎలా చదువుకుంటారన్నది కష్టం. కథలు రాసేవాళ్ళనే కాదు, ఇలాంటి పదార్థం నిజంగానే ఉందని నమ్మి ప్రయోగాలు చేసినవాళ్ళను కూడా నూట యాభై ఏళ్ళకు పైగా దెబ్బతీస్తున్నది ఈ ప్రశ్నే.

దీన్ని పక్కకు నెట్టేయకుండా ఎదుర్కొన్న కథ ఒకటుంది. జపాన్ రచయిత కోజీ సుజుకి నవల ‘రింగ్’ 1991లో వచ్చింది. సినిమా చూసినవాళ్ళకు టీవీలోంచి పాక్కుంటూ బయటికొచ్చే అమ్మాయే గుర్తుంటుంది. నవలలో అంతకంటే గొప్ప విషయం ఆ వీడియో టేపు. అది కెమెరాతో తీసింది కాదు. ఒక మనిషి మనసు నేరుగా అయస్కాంత టేపు మీద వేసిన ముద్ర. ఒక విలేకరి, అతని స్నేహితుడు ఆ టేపును పదేపదే వేసి చూస్తారు. కొన్ని దృశ్యాల్లో మధ్యమధ్య తెర రవ్వంతసేపు పూర్తిగా నల్లబడుతుంటుంది. మరికొన్ని దృశ్యాల్లో అలా ఒక్కసారి కూడా జరగదు. ఆ నలుపు ఏమిటో ఎంతకీ అంతుపట్టదు. చివరికి తేలేదేమిటంటే, అది మనిషి రెప్పపాటు. రెప్ప పడిన దృశ్యాలు ఆ మనిషి కళ్ళతో చూసినవి. రెప్ప పడనివి మనసులోనే పుట్టినవి.

ఆ టేపును నమ్మడానికి ఈ ఒక్క వివరం చాలు. దీనివల్ల ఆ పదార్థానికి ఒక నియమం వచ్చింది: ఒంటిగుండా వచ్చినదానికి ఒంటి గుర్తు ఉంటుంది, ఊహకు ఉండదు. నియమం ఉంది కాబట్టి పాత్రలు దాన్ని పట్టుకుని ఆలోచించగలవు, పొరబడగలవు. పాఠకుడు వాళ్ళకంటే ముందే పసిగట్టగలడు. పైగా ఇక్కడ దేన్నీ ‘తెలిసిపోయింది’ అని తేల్చేయలేదు. ఇద్దరు మనుషులు కూర్చుని, టేపు వెనక్కి తిప్పి, లెక్కపెట్టి, వాదించుకుని అర్థం చేసుకుంటారు. చదవడానికి శ్రమ పడాలని ఆ కథ ఒప్పుకుంది.

ఆ టేపు ఊహ వెనక నిజంగా జరిగిన చరిత్ర కూడా ఉంది. తలపుతో ఫొటో ప్లేటు మీద బొమ్మ పడేలా చేయడాన్ని జపాన్‌లో నెన్‌షా అంటారు. 1910 ప్రాంతంలో టోక్యో ఇంపీరియల్ యూనివర్సిటీలో మనస్తత్వశాస్త్రం బోధించే తొమొకిచి ఫుకురాయ్ దీన్ని శాస్త్రంగా నిలబెట్టాలని చాలా తపన పడ్డాడు. మొదట ఆయన కుమమొతో ప్రాంతానికి చెందిన మిఫునె చిజుకొ అనే యువతితో ప్రయోగాలు చేశాడు. మూసి ఉన్న దాంట్లో ఏం రాసి ఉందో ఆమె చెప్పగలదని పేరు. 1910 సెప్టెంబరులో టోక్యోలో ప్రొఫెసర్ల సమక్షంలో పరీక్ష పెట్టారు. అదే యూనివర్సిటీకి అంతకుముందు అధ్యక్షుడిగా చేసిన భౌతికశాస్త్రవేత్త యమకావ కెంజిరో, అక్షరాలు రాసిన కాగితాలను సీసపు గొట్టాల్లో పెట్టి మూయించాడు. ఆమె ఒక గొట్టం తీసుకుని, అక్షరాలు చెప్పింది. తెరిచి చూస్తే సరిపోయాయి. అయితే అది తాను రాసిన కాగితం కాదని యమకావ అన్నాడు. అది అభ్యాసం కోసం ఫుకురాయ్ ఆమెకు ముందు ఇచ్చిన గొట్టమని తేలింది. పత్రికలు దుమ్మెత్తిపోశాయి. కొద్ది నెలలకే, 1911 జనవరిలో, ఆమె ప్రాణం తీసుకుంది. ఆమె వయసు అప్పటికి పాతికేళ్ళు కూడా లేదు. ఈ చరిత్రను వింతగా చెప్పుకునేవాళ్ళు ఈ మరణాన్ని ఒక్క ముక్కలో దాటేస్తుంటారు, అది న్యాయం కాదు.

ఫొటో ప్లేటు కథలోకి వచ్చింది రెండో వ్యక్తితో. షికోకు దీవిలోని మరుగమెలో ఒక జడ్జి భార్య నగావొ ఇకుకొ. కడగని ఫొటో ప్లేటు మీద ఉన్నది ఆమె చూడగలదా అని ఫుకురాయ్ పరీక్షిస్తుండగా, ఆ ప్లేటు కడిగితే వెలుగు తగిలినట్టు మసక కనిపించింది. అక్కడ ఆయనకు కొత్త ఆలోచన తట్టింది: ఆమె ప్లేటును చదవడమే కాదు, దాని మీద రాస్తోందేమో! మళ్ళీ యమకావ బృందం వచ్చింది. ఈసారి ప్లేటు పెట్టెను మధ్యలో ఎవరైనా ముట్టుకున్నారా, లోపల ప్లేటు ఉందా లేదా అన్న గొడవలో ప్రయోగం మునిగిపోయింది. ఆమె కూడా 1911 ఫిబ్రవరిలో జబ్బు చేసి చనిపోయింది. ఫుకురాయ్ వెనక్కి తగ్గలేదు. తకహషి సదకొ అనే ఇంకొకరితో పనిచేసి 1913లో పుస్తకం వేశాడు. ఆ తర్వాత యూనివర్సిటీలో ఆయన ఉద్యోగం పోయింది. ‘రింగ్’లో టేపు మీద ముద్ర వేసిన పాత్ర పేరు సదకొ. తల్లి పాత్రలో మిఫునె చిజుకొ జీవితం ఛాయలు కనిపిస్తాయి.

ప్లేటు మీద అంత నమ్మకం ఎందుకు పెట్టుకున్నారో అర్థం చేసుకోవాలంటే ఆ కాలంలోకి వెళ్ళాలి. అప్పటి ఫొటో ప్లేటు అంటే గాజుపలక మీద జెలటిన్‌లో కలిపిన వెండి లవణాల పూత. వెలుగు తగిలిన చోట ఆ లవణంలో కంటికి అందని మార్పు వస్తుంది, డెవలపర్‌లో ముంచినప్పుడు ఆ మేర నల్లబడుతుంది. 1895 చివర్లో రాంట్‌జెన్ ఎక్స్‌-కిరణాలు కనిపెట్టాడు. చేతి ఎముకలు ప్లేటు మీద కనిపించాయి. 1896లో బెక్వెరెల్ నల్ల కాగితంలో చుట్టిన ప్లేటు మీద యురేనియం లవణాలు పెట్టి ఎండ తగలకుండా సొరుగులో ఉంచితే, ఆ ప్లేటు కూడా నల్లబడింది. ఏడాది తిరగకుండా మనిషి కన్ను చూడలేని రెండు సంగతులను ఆ గాజుపలక పట్టిచ్చింది. ఇక తలలోంచి కూడా ఏదో కిరణం వస్తుందేమో, ప్లేటు దాన్నీ పట్టుకుంటుందేమో అనుకోవడంలో ఆశ్చర్యం లేదు. చాలామంది తెలివైనవాళ్ళే అలా అనుకున్నారు.

ఫ్రాన్స్‌లో లూయి దార్జె అనే సైనికాధికారి 1896లో ఒక సీసాను గట్టిగా తలచుకుంటూ ప్లేటు మీద ముద్ర వేయడానికి ప్రయత్నించాడు. కడిగిన ప్లేటు మీద సీసా లాంటి ఆకారం వచ్చింది. ఇలాంటి ఫొటోలు అప్పట్లో పారిస్‌లో చాలా వచ్చాయి. మెలికలు తిరిగిన పొగలు, వలయాలు, కాంతి మబ్బులు. కోపం వస్తే ఒక ఆకారం, దుఃఖం వస్తే ఇంకో ఆకారం అని పేర్లు కూడా పెట్టారు. అప్పుడు గెబార్ అనే భౌతికశాస్త్రవేత్త చాలా ఓపికగా ఒక పని చేశాడు. మనసు ప్రమేయం ఏమీ లేకుండా అవే బొమ్మలు రప్పించాడు. తక్కువ డెవలపర్ ద్రావణంలో ప్లేటు పెట్టి, పళ్ళేన్ని కదపకుండా వదిలేసి, వేళ్ళు తగిలిస్తే చాలు. వేళ్ళ వేడి చుట్టూ ద్రావణం కదిలిన తీరును బట్టి వలయాలు, మబ్బులు ఏర్పడ్డాయి.

ఇక్కడ ప్లేటు అబద్ధం చెప్పలేదన్నది గమనించాలి. దాని ముందు ఏం జరిగిందో అదే నమోదు చేసింది: వేడి, స్పర్శ, కదలని ద్రావణం. సీసాను, కోపాన్ని, దుఃఖాన్ని అందులో చదివింది చూసినవాళ్ళే. ముద్ర నిజం, చదువు తప్పు. 1960లలో అమెరికాలో టెడ్ సీరియోస్ అనే హోటల్ ఉద్యోగి పోలరాయిడ్ కెమెరా వైపు చూసి తలపులతో భవనాల ఫొటోలు రప్పిస్తున్నానని చెప్పినప్పుడు, ఒక సైకియాట్రిస్ట్ నమ్మి 1967లో పుస్తకమే రాశాడు. సీరియోస్ లెన్స్ దగ్గర పట్టుకునే చిన్న కాగితపు గొట్టంలో బొమ్మ దాచి అదే ఫలితం తేవచ్చని అదే ఏడాది ఫొటోగ్రఫీ నిపుణులు చూపించారు. కొత్తగా చెప్పుకోవాల్సింది ఇందులో ఏమీ లేదు. ప్లేటుకు బదులు పోలరాయిడ్ వచ్చిందంతే.

వీటికంటే ఆసక్తికరమైనవి చదివే మనిషిని దాచకుండా ముందుకు తెచ్చిన పద్ధతులు. అమెరికాలో భూగర్భశాస్త్రం మీద ఉపన్యాసాలిచ్చే విలియం డెంటన్ 1863లో ఒక పుస్తకం తెచ్చాడు. ప్రతి రాయీ తన చుట్టూ జరిగినదాన్ని తొలినాటి ఫొటో రేకులాగే తనలో ముద్రించుకుంటుందని ఆయన నమ్మకం. లావా ముక్కో శిలాజమో కాగితంలో చుట్టి, భార్యకు గానీ చెల్లెలికి గానీ ఇచ్చి నుదుటికి ఆనించుకోమనేవాడు. వాళ్ళు సముద్రాలు, అగ్నిపర్వతాలు, వింత జంతువులు చూసినట్టు చెప్పేవారు. రాయిలో అంతా ఉన్నా, అది అందరికీ పలకదు, కొందరికే పలుకుతుందన్నది ఆయన వాదం. మన ఊళ్ళలో అంజనం వేయడంలోనూ ఇదే ఏర్పాటు. తమలపాకు మీద కాటుక పూస్తారు, దొంగ ముఖం దాంట్లో కనిపిస్తుందంటారు. చూసేది మాత్రం పోగొట్టుకున్నవాడు కాదు. చాలాచోట్ల ఒక చిన్న పిల్లనో పిల్లవాణ్ణో కూర్చోబెడతారు. ఆకు అందరిదీ, కన్ను ఒక్కరిదే. ఆ పిల్ల నోట వచ్చిన మాట మీద ఊళ్ళో ఎవరి మీదో దొంగ అన్న ముద్ర పడుతుంది. పదార్థం మీద భక్తి పెరిగిన చోట, చదివేవాళ్ళను నిలదీసి అడగడం ఆగిపోతుంది. అందుకే అది ప్రమాదం.

ఈ విషయంలో మన పాత న్యాయదర్శనం, అంటే తర్కశాస్త్రం, వేసిన గీత చాలా స్పష్టంగా ఉంది. తెలుగువాడిగా ప్రసిద్ధి పొందిన అన్నంభట్టు పదిహేడో శతాబ్దంలో రాసిన తర్కసంగ్రహం దేశమంతటా విద్యార్థుల చేతుల్లో తిరిగిన చిన్న పుస్తకం. అందులో సంస్కారాన్ని, అంటే ముందు జరిగినది వదిలి వెళ్ళే ముద్రను, మూడు రకాలుగా చెప్పాడు: వేగం, భావన, స్థితిస్థాపకం. విసిరిన వస్తువు సాగిపోయేలా చేసేది వేగం. చుట్టిన చాపను విప్పినా మళ్ళీ చుట్టుకుపోయేలా చేసేది స్థితిస్థాపకం. అనుభవం వల్ల పుట్టి, తర్వాత జ్ఞాపకానికి కారణమయ్యేది భావన. మూడూ ఒకే కుటుంబంలోవి. ముందు జరిగినదాన్ని ఏదో రూపంలో పట్టి ఉంచడం మూడింట్లోనూ ఉంది. అయితే చాపకు స్థితిస్థాపకం ఉంటుంది గానీ భావన ఉండదు. భావన ఉండేది ఆత్మలో మాత్రమే అని ఆయన తేల్చేశాడు. అంటే ఒక రాయి వంగిన తీరును, వేడెక్కిన తీరును గుర్తుపెట్టుకున్నట్టు కనిపించవచ్చు. అది జ్ఞాపకం కావాలంటే అనుభవించిన ఆత్మే కావాలి. పైగా నైయాయికుల, అంటే ఈ దర్శనం వాళ్ళ, లెక్కలో సంస్కారం ఉన్నంతమాత్రాన జ్ఞాపకం రాదు. దాన్ని మేలుకొలిపేది ఒకటి తగలాలి, దాన్ని ఉద్బోధకం అంటారు. పోలిక ఉన్న వస్తువు కనబడటం అందులో ఒకటి. ముద్ర, దాని సొంతదారు, దాన్ని లేపే సందర్భం మూడూ కలిస్తేనే జ్ఞాపకం. కాల్పనిక కథల్లోని స్ఫటికాలు ఈ మూడింట్లో మొదటిదాన్ని మాత్రమే పట్టుకుని మిగతా రెండింటినీ వదిలేస్తాయి.

ఇరవయ్యో శతాబ్దంలో నిజంగా ఏం జరిగిందో చూస్తే ఈ గీత ఎంత గట్టిదో తెలుస్తుంది. జర్మన్ సైకియాట్రిస్ట్ హాన్స్ బెర్గర్ యువకుడిగా సైన్యంలో ఉన్నప్పుడు గుర్రం మీద నుంచి పడి, ఫిరంగి బండి కింద నలిగిపోవాల్సినవాడు వెంట్రుకవాసిలో తప్పించుకున్నాడు. దూరాన ఉన్న సోదరి అదే రోజు ఏదో కీడు శంకించి, తండ్రి చేత క్షేమం అడుగుతూ టెలిగ్రామ్ ఇప్పించింది. తన భయం ఆమెకు చేరిందని బెర్గర్ గట్టిగా నమ్మాడు. మనసులోంచి బయటికి వెళ్ళే శక్తిని కొలవాలని జీవితమంతా వెతికాడు. 1924లో మనిషి మెదడు విద్యుత్తును మొదటిసారి నమోదు చేసి, 1929లో ప్రచురించాడు. అదే ఈరోజు ఆస్పత్రుల్లో తీసే ఈఈజీ. ఆయన వాడిన పరికరం ఆ తరంగాలను గీసింది ఫొటో కాగితం మీద! ఫుకురాయ్, దార్జె ఆశపెట్టుకున్న వెండి పూత మీదే చివరికి మెదడు తన గుర్తు నిజంగా పెట్టింది. కానీ దాని మీద సీసా లేదు, ముఖం లేదు, భయం లేదు. కళ్ళు మూసుకుని ఊరికే కూర్చుంటే సెకనుకు పది చొప్పున వచ్చే అలలు, కళ్ళు తెరిస్తే సన్నగిల్లే అలలు, అంతే. మూర్ఛ రోగులకు అది వరమైంది. బెర్గర్ వెతికిన సోదరి టెలిగ్రామ్ మాత్రం అందులో దొరకలేదు.

ఇప్పుడు మన కాలానికి వస్తే, తలపు చదివే ప్రయత్నాల్లో బాగా దగ్గరికి వచ్చినది 2023లో అమెరికాలోని టెక్సాస్ యూనివర్సిటీ, ఆస్టిన్ పరిశోధకులు ప్రచురించినది. ఒక్కొక్కరినీ ఎఫ్‌ఎమ్‌ఆర్‌ఐ యంత్రంలో పడుకోబెట్టి మొత్తం 16 గంటల పాటు కథలు వినిపించారు. ఏ మాటలు వింటున్నప్పుడు మెదడులో ఎక్కడ రక్తప్రవాహం ఎలా మారుతోందో కంప్యూటర్‌కు నేర్పారు. తర్వాత కొత్త కథ వినిపించి, మెదడు బొమ్మలను బట్టి వాళ్ళు ఏం వింటున్నారో చెప్పమన్నారు. ‘నాకింకా డ్రైవింగ్ లైసెన్స్ లేదు’ అన్న వాక్యం విన్నప్పుడు కంప్యూటర్ చెప్పినది దాదాపు ఇలా ఉంది: ఆమె ఇంకా డ్రైవింగ్ నేర్చుకోవడమే మొదలుపెట్టలేదు. మాటలు పోయాయి, ‘నేను’ కాస్తా ‘ఆమె’ అయింది, సారం మిగిలింది. ఇలా జరగడానికి కారణం కూడా ఉంది. ఆ యంత్రం చూసేది రక్తంలో ఆక్సిజన్ మార్పును. అది పెరిగి తగ్గడానికి దాదాపు పది సెకన్లు పడుతుంది. ఆ పది సెకన్లలో మనిషి ఇరవై మాటలైనా వినేస్తాడు. అన్నీ ఒకదాని మీద ఒకటి పడిపోతాయి.

ఈ ప్రయోగంలో కాల్పనిక రచయితకు నిజంగా పనికొచ్చేవి ఇంకో రెండున్నాయి. ఒకరి మెదడుతో నేర్చుకున్న కంప్యూటర్ ఇంకొకరి మెదడు ముందు అక్కరకు రాలేదు, వచ్చిన మాటలకు అర్థమే లేదు. అలాగే ఆ మనిషి సహకరించకుండా మనసులో జంతువుల పేర్లు చదువుకుంటూనో, వేరే కథ చెప్పుకుంటూనో ఉంటే చదువు చెడిపోయింది. అంటే ప్రతి తలకూ దాని సొంత నిఘంటువు ఉంది. అది సంపాదించాలంటే ఆ మనిషితో గంటల తరబడి, అతని ఇష్టంతో గడపాలి.

ముద్ర ఎప్పటికీ ఒకేలా ఉంటుందన్న నమ్మకం కూడా నిలవదు. 2000 సంవత్సరంలో న్యూయార్క్ యూనివర్సిటీలో కరీం నాడెర్, సహచరులు ఎలుకలతో చేసిన ప్రయోగం ఇందుకు సాక్ష్యం. ఒక శబ్దానికి భయపడటం నేర్చిన ఎలుకలకు, ఆ శబ్దం మళ్ళీ వినిపించి భయాన్ని గుర్తుచేసిన వెంటనే, కొత్త ప్రొటీన్లు తయారుకాకుండా ఆపే మందును మెదడులోకి ఎక్కించారు. తర్వాత ఆ భయం పోయింది. గుర్తుచేయకుండా మందు మాత్రమే ఇచ్చిన ఎలుకల్లో భయం అలాగే ఉంది. పాత జ్ఞాపకాన్ని తలుచుకున్నప్పుడు అది మెత్తబడి, మళ్ళీ గట్టిపడాల్సి వస్తుందన్నమాట. మనిషి కూడా తలుచుకున్నప్పుడల్లా తన గతాన్ని కొంత మార్చి పెట్టుకుంటాడు. అందుకని, ఇరవై ఏళ్ళ వయసులో రాయిలోకి ఎక్కించిన తలపును అరవై ఏళ్ళకు అదే మనిషి చేతికిస్తే, అది తనది కాదని నిజాయితీగానే అనవచ్చు. రాయి మారలేదు, మనిషి మారాడు. ఇద్దరిలో ఎవరూ అబద్ధం ఆడటం లేదు. ఇంత మంచి ఘర్షణ ఉండగా, మన కథలు స్ఫటికాన్ని దొంగిలించే సీన్ల మీదే ఎందుకు ఆగిపోతాయో!

చదివే పనిని తేలిగ్గా తీసుకుంటే ఏమవుతుందో తెలుసుకోవడానికి కాల్పనిక ప్రపంచం దాకా వెళ్ళనక్కర్లేదు. మన దేశంలోనే నేర పరిశోధనలో బియాస్ (BEOS) అనే మెదడు విద్యుత్ తరంగాల పరీక్ష వాడారు. నిందితుడి తలకు ఎలక్ట్రోడ్ల టోపీ పెట్టి, కళ్ళు మూసుకుని మౌనంగా కూర్చోమంటారు. నేరం జరిగిన తీరును చిన్న చిన్న వాక్యాలుగా వినిపిస్తారు. అతను నోరు విప్పక్కర్లేదు. ఏ వాక్యం విన్నప్పుడు అనుభవంలోంచి వచ్చిన జ్ఞాపకం మేలుకుందో సాఫ్ట్‌వేర్ చెబుతుందని వాదన. 2008లో పుణెలో ఒక హత్య కేసు తీర్పులో ఈ పరీక్ష ఫలితాన్ని కూడా పరిగణించి శిక్ష వేశారు. చేసిన పని జ్ఞాపకాన్ని, పోలీసులు పదేపదే అడిగినందువల్ల మనసులో పడిన బొమ్మను, అన్యాయంగా ఇరుక్కున్న మనిషి భయాన్ని ఆ అలల్లో ఏ లెక్కతో విడదీస్తారు? అక్కడ రెప్పపాటు లాంటి గుర్తు ఏదీ లేదు. 2010 మేలో సెల్వి కేసులో సుప్రీంకోర్టు నార్కో, లై డిటెక్టర్, మెదడు పరీక్షలను మనిషి ఇష్టానికి వ్యతిరేకంగా చేయకూడదని తీర్పిచ్చింది. తనకు వ్యతిరేకంగా తానే సాక్ష్యం చెప్పనక్కర్లేదన్న రాజ్యాంగం 20(3) అధికరణం రక్షణ నోటితో చెప్పే మాటకే పరిమితం కాదని, ఇలా తలలోంచి లాగే సమాచారానికీ వర్తిస్తుందని స్పష్టం చేసింది. తలపులు దాచే పదార్థం గురించి రాసే ఎవరైనా ఒకసారి చదవాల్సిన తీర్పు అది. మౌనం ఎంత విలువైనదో అందులో తెలుస్తుంది.

ఇక ఇలాంటి పదార్థాన్ని తెలుగులో ఎవరైనా కల్పించబూనితే, ఎలా ఉంటే బాగుంటుంది? ఒక రాయిని ఊహించుకుందాం. తలకు ఆనించుకుని ఒక రాత్రి నిద్రపోతే అది తలపులు పట్టుకుంటుంది. అది రాయడం. దీనికి పెద్ద తంతు అక్కర్లేదు. నియమాలన్నీ చదవడం దగ్గర పెట్టాలి. ఆ మనిషితో ఏళ్ళ తరబడి ఒకే ఇంట్లో మెలిగినవాళ్ళకే అది పలకాలి. భార్య చదివితే ఒకలా, తమ్ముడు చదివితే ఒకలా రావాలి. ఎందుకంటే చనిపోయిన మనిషి నిఘంటువులో ఒక్కొక్కరి దగ్గర ఉన్నది ఒక్కో భాగం. బొమ్మలు రాకపోయినా ఫరవాలేదు, సారం వస్తే చాలు. ‘నేను’ అన్నది ‘అతను’గా మారిపోవచ్చు. చదివిన ప్రతిసారీ చదివినవాళ్ళ సొంత జ్ఞాపకం కూడా మెత్తబడి, కొంచెం మారాలి. రాయిని నాలుగుసార్లు చదివిన తమ్ముడికి, తన బాల్యంలో ఏది తనదో ఏది అన్నదో తేల్చుకోలేని స్థితి రావాలి. ఇది ఖర్చు. ఖర్చు లేకపోతే అందరూ అందరి రాళ్ళూ చదివేస్తారు, అప్పుడు కథే ఉండదు.

ఇప్పుడు ఆ ఊళ్ళో ఆస్తి తగాదా వచ్చిందనుకుందాం. పెద్దాయన పొలం ఎవరికివ్వాలని అనుకున్నాడో ఆయన రాయిలో ఉంది. చదవగలిగింది ఇద్దరే. ఇద్దరికీ ఆ పొలం మీద హక్కుంది. పరాయివాడు చదవలేడు, చదవగలిగినవాడు తటస్థుడు కాలేడు. ఆ ఊరి పెద్దలు ఏం చేయాలి? ఇద్దరినీ వేరువేరు గదుల్లో కూర్చోబెట్టి, ఒకరు చెప్పింది ఇంకొకరి చెవిన పడకుండా రాయించి, రెండూ కలిసే చోట్లను మాత్రమే తీసుకోవచ్చు. యమకావ లాంటి భౌతికశాస్త్రవేత్త అక్కడ ఉంటే మూడో గదిలో మామూలు గులకరాయి ఒకటి పెట్టి, దాంట్లోంచి కూడా ఎవరైనా పెద్దాయన మాటలు చదువుతారేమో ముందు చూసేవాడు. చదవనని మొండికేసే హక్కు ఆ ఇద్దరికీ ఉందా, బతికుండగా ఆయన ఎవరూ చదవొద్దని చెప్పి ఉంటే ఆ మాట చెల్లుతుందా అన్నవి ఆ ప్రపంచపు చట్టంలో ముందే రాసి పెట్టుకోవాల్సినవి. రాయి రంగు, అది దొరికే కొండ పేరు తర్వాత ఆలోచించుకోవచ్చు.